ఫాలాంక్స్‌కి గండి పడితే ఏం చేయాలి? మాసిడోనియా సైన్యం: సమస్యలు - పరిష్కారాలు

మా మేనల్లుడికి కంప్యూటర్‌లో యుద్ధం ఆటల పిచ్చి. ఎప్పుడూ మాసిడోనియా పక్షమే తీసుకుంటాడు, ఎప్పుడూ పారసీకుల చేతిలో ఓడిపోతాడు, ఓడిపోయాక రాత్రి పదకొండింటికి నాకు ఫోన్ చేస్తాడు. "మామయ్యా, నా ఫాలాంక్స్ మళ్లీ మధ్యలో విడిపోయింది. అలెగ్జాండర్‌కి ఇలా ఎందుకు జరగలేదు?"

ఎందుకు జరగలేదూ! ఇస్సస్‌లో జరిగింది, గౌగమేలాలో ఇంకా ఘోరంగా జరిగింది. విరిగిన చోటికి ఎవరు పరిగెత్తాలో ముందే చెప్పి పెట్టుకున్నాడు కాబట్టి బయటపడ్డాడు. ఫోన్లో వాడికి ముక్కలు ముక్కలుగా చెప్పినవన్నీ ఇక్కడ ఒకచోట పెడుతున్నాను. సంవత్సరాలన్నీ క్రీస్తు పూర్వానివే. ఇక్కడి పరిష్కారాలు నిజంగా వాడి చూసినవి. కొన్ని సగమే పనిచేశాయి, అవి కూడా చెబుతాను.

మొదట చేతిలో ఉన్న సామాను

ఇంట్లో బూజు కర్ర ఉంటే తీసుకోండి. అలాంటిదే ఇంకోటి దాని చివర కట్టండి. దగ్గరదగ్గర 18 అడుగులు వస్తుంది. ఇప్పుడు వెనక భాగాన్ని రెండు చేతులతో పట్టుకుని, ముందుకి చాపి, హాల్లో నిలబడి గబుక్కున కుడివైపు తిరగండి. టీవీ పోతుంది, మీరు మాత్రం తిరగలేరు. సారిస్సా అంటే అదే. రెండు చేతులూ దానికే సరిపోతాయి కాబట్టి డాలు చిన్నది, పట్టీతో భుజానికి వేలాడుతుంది. ఇలాంటి బల్లేలు పట్టుకున్నవాళ్లు 16 వరసల లోతున నిలబడితే ఫాలాంక్స్. ముందు ఐదు వరసల మొనలు బయటికి పొడుచుకొస్తాయి. ఎదురుగా వచ్చినవాడికి ముళ్లపంది. పక్కనుంచి వచ్చినవాడికి మాత్రం ఏ అడ్డూ లేదు.

దీన్ని తయారు చేసిన ఫిలిప్ (అలెగ్జాండర్ తండ్రి) దీనితోనే గెలవాలనుకోలేదు. కమ్మరి కొలిమిలో దాగలి ఎలాగో ఇది అలాగ. ఇనుముని కదలకుండా పట్టి ఉంచాలి, అంతే. దెబ్బ వేసే సమ్మెట వేరే ఉంది: రాజు స్వయంగా నడిపే కంపానియన్ అశ్వదళం. మా వాడు చేసే మొదటి తప్పు ఇక్కడే. దాగలిని ఎత్తి శత్రువు నెత్తిన వేయబోతాడు.

సమస్య: నడుస్తూ నడుస్తూ ఉండగానే వరసకి గండి పడింది

లక్షణం: కుడివైపు దళాలు ముందుకు దూసుకుపోయాయి, ఎడమవైపు వాళ్లు వెనకబడ్డారు, మధ్యలో ఖాళీ. శత్రువులో బుర్ర ఉన్నవాడు ఆ ఖాళీలోకే వస్తాడు.

కారణం: గుర్రానికీ కాలినడకకీ వేగం తేడా. దానికి నేల తోడవుతుంది. 333 నవంబరులో ఇస్సస్ దగ్గర పినారస్ అనే నది అడ్డం. అలెగ్జాండర్ కుడివైపున గుర్రాలతో దూకేశాడు. ఫాలాంక్స్ మాత్రం నిటారు గట్టు ఎక్కలేక అక్కడక్కడా చెదిరింది. పారసీక రాజు డేరియస్ దగ్గర జీతానికి పనిచేసే గ్రీకు సైనికులు సరిగ్గా అక్కడే కొట్టారు. పేరున్న మాసిడోనియన్లు సుమారు 120 మంది ఆ గండి దగ్గరే పోయారు.

పరిష్కారం (ఇస్సస్): కుడివైపు గెలిచిన కాల్బలం పారిపోయేవాళ్ల వెంట పడకుండా ఎడమకు తిరిగి, ఆ గ్రీకు సైనికుల పక్కలో పొడిచింది. పనిచేసింది. కానీ కుడివైపు గెలిచాకగానీ ఈ మందు దొరకదు. అంతసేపూ మధ్యలో ఉన్నవాళ్లు చస్తూ ఉండాలి. కొంచెం ఆలస్యమైతే ఇస్సస్ కథ ఇంకోలా ఉండేది.

పరిష్కారం (గౌగమేలా): 331 అక్టోబరు 1, ఇప్పటి ఇరాక్‌లో. ఈసారి వరస వెనక ఇంకో వరస పెట్టాడు. వాళ్లకిచ్చిన ఆర్డరు ఒకటే: వెనకనుంచి శత్రువు వస్తే వెనక్కి తిరిగి కొట్టండి. కాలవ గట్టుకి గండి పడితే చుట్టూ రింగ్ బండ్ వేస్తారు కదా, గండి పడకముందే దాన్ని వేసి ఉంచుకున్నట్టు. అనుకున్నట్టే అయింది. ఎడమవైపు అలెగ్జాండర్ సేనాని పార్మేనియన్ ఇరుకున పడ్డాడు. ఆ పక్కనే ఉన్న సిమ్మియస్ దళం అతన్ని వదిలి ముందుకు పోలేక ఆగిపోయింది. మిగతావాళ్లు అలెగ్జాండర్ వెంట వెళ్లిపోయారు. మధ్యలో తెరుచుకున్న దారిలోంచి పారసీక, భారతీయ రౌతులు దూసుకొచ్చారు. (అవును, మనవాళ్లే. సింధు నదికి పడమటి గట్టు వైపునుంచి వచ్చినవాళ్లు, 15 ఏనుగులతో సహా. ఆ ఏనుగులు యుద్ధంలో చేసిందేమీ కనబడదు.)

ఇక్కడ చిన్న నిజం ఒప్పుకోవాలి. ఆ రౌతులు పక్కకి తిరిగి ఫాలాంక్స్ వెన్నులో పొడిచి ఉంటే రింగ్ బండ్ కూడా ఆగేది కాదేమో. వాళ్లు నేరుగా సామాన్ల శిబిరం మీదికి పోయారు. రెండో వరస తిరిగి వాళ్లని వెనకనుంచి పట్టుకుంది. కాబట్టి ఈ పరిష్కారంలో సగం వాటా శత్రువు చేసిన తప్పుదే.

సమస్య: శత్రువు వరస మీకంటే చాలా పొడవు

లక్షణం: మీరు కుడి చివర నిలబడి ఎదురుగా చూస్తే శత్రువు నడిబొడ్డు కనిపిస్తుంది. వాళ్ల ఎడమ చెయ్యి మీ వెనకదాకా వంగబోతోంది.

కారణం: మనుషులు తక్కువ, మైదానం విశాలం. ఇస్సస్‌లో కొండకీ సముద్రానికీ మధ్య ఇరుకు చోటు దొరకడంతో ఈ బాధ తప్పింది. అక్కడ డేరియస్‌కి 6 లక్షల మంది ఉన్నారని గ్రీకులు రాసిన లెక్క నేను నమ్మను. ఎంతమంది ఉన్నా ఆ ఇరుకులో నిలబెట్టే చోటు లేదన్నదే అసలు సంగతి. డేరియస్‌కీ అది అర్థమైంది. అందుకే గౌగమేలాలో బయలు వెతుక్కుని, రథాల కోసం నేల కూడా చదును చేయించుకుని కూర్చున్నాడు. అలెగ్జాండర్ వైపు 40,000 కాల్బలం, 7,000 గుర్రాలు.

పరిష్కారం: రెండు చివర్లనీ తిన్నగా ఉంచకండి, వెనక్కి ఏటవాలుగా వంచండి. చుట్టుముట్టడానికి వచ్చినవాడికి పక్క దొరకదు, మళ్లీ ఒక ముఖమే ఎదురవుతుంది. ఇక రెండో సగం నాకు చాలా ఇష్టమైన భాగం. సైన్యం మొత్తాన్నీ నెమ్మదిగా కుడివైపుకి జరుపుతూ పోవాలి. చదును చేసిన నేల దాటిపోతారేమోనని డేరియస్‌కి టెన్షన్ మొదలైంది. రథాలు వేస్టు అవుతాయి కదా. ఆపమని తన ఎడమ వైపు అశ్వదళాన్ని పంపాడు. అలెగ్జాండర్ వాళ్ల మీదికి మొదట మెనిడస్ చేతికింద కొద్దిమంది రౌతుల్నే పంపాడు. వాళ్లు తన్నులు తిని వెనక్కొచ్చారు. ఇంకొంతమందిని పంపాడు. పారసీకులు ఇంకా ఎక్కువమందిని దింపారు. ఇలా పిడికెడు పిడికెడు వదులుతూ అవతలి గంపంతా అటువైపు లాగేశాడు. కంపానియన్లని మాత్రం ముట్టుకోలేదు. చివరికి గండి పారసీకుల వరసలో పడింది. అప్పుడు కంపానియన్లు గొడ్డలి చీల ఆకారంలో, మొన ముందుకి పెట్టుకుని, అందులో దిగారు. డేరియస్ రథం తిప్పుకున్నాడు.

ఆటలో మా వాడు మొదటి నిమిషంలోనే కంపానియన్లని వదిలేస్తాడు. గండి పడేసరికి వాడి గుర్రాలు రొప్పుతూ ఉంటాయి.

గెలిచాక ఒక హెచ్చరిక: డేరియస్ వెంట పడబోతుంటే పార్మేనియన్ దగ్గరనుంచి కబురొచ్చింది, ఎడమవైపు మునిగిపోతోందని. వెనక్కి మళ్లిన అలెగ్జాండర్‌కి, పారిపోతున్న పారసీక, భారతీయ రౌతులు ఎదురుపడ్డారు. దారి లేనివాడు ప్రాణాలకి తెగిస్తాడు. 60 మంది కంపానియన్లు ఆ ఒక్క గుద్దులాటలో పోయారు, అలెగ్జాండర్ ప్రాణమిత్రుడు హెఫాస్టియన్ గాయపడ్డాడు.

సమస్య: కొడవళ్లు కట్టిన రథాలు వస్తున్నాయి

కారణం వెతికేంత టైము ఉండదు, పరిష్కారం చూడండి. ఫాలాంక్స్ ముందు విసురుబల్లేల వాళ్లని పెట్టండి (అలెగ్జాండర్ దగ్గర అగ్రియానులు ఉండేవాళ్లు). గుర్రాలని కొట్టాలి, రథాన్ని కాదు. మిగిలినవి దగ్గరికొస్తే వరసలు పక్కకి తప్పుకుని సందు ఇవ్వాలి. గుర్రం బల్లేల గోడ మీదికి దూకదు, ఖాళీ దారిలోకే పోతుంది. అలా వెనక్కి వెళ్లిపోయిన రథాల్ని గుర్రాల్ని చూసుకునే కుర్రాళ్లు, హైపాస్పిస్టులు (ఏరికోరి ఎంచుకున్న కాల్బలం) కలిసి పట్టుకున్నారు. 200 రథాలు, అన్ని రోజుల నేల చదును పని. కొంతమంది కాళ్లు తెగినమాట నిజమే, అంతకుమించి ఫలం లేదు.

సమస్య: అవతలి గట్టు మీద శత్రువు, మధ్యలో నది

లక్షణం: నీళ్లలో దిగినవాడు దిగినట్టే పోతున్నాడు. 334లో గ్రానికస్ దగ్గర (ఇప్పటి టర్కీలో) మొదట దిగిన దళం గతి ఇదే. తొలి దాడిలో 25 మంది కంపానియన్లు పోయారు.

కారణం: ఎత్తు వాళ్లది, బురద మీది.

పరిష్కారం: మొదటి దళం గట్టు ఎక్కుతుందని ఆశ పెట్టుకోవద్దు. వాళ్లు శత్రువుని ఒకచోటికి గుంపుచేస్తారు, అంతే. చెప్పడానికి చేదుగా ఉంది గానీ వాళ్లు ఎర. ఆ గుంపు కుదురుకునేలోపు అసలు దళం ప్రవాహానికి ఏటవాలుగా నడిచి ఇంకోచోట ఎక్కాలి. పారసీకులు కూడా సాయం చేశారు: గుర్రాల్ని గట్టు అంచున కదలకుండా నిలబెట్టి, జీతగాళ్లయిన గ్రీకు కాల్బలాన్ని వెనక ఊరికే ఉంచారు. గుర్రానికి ఉన్న బలమే పరుగు. నిలబెడితే అది ఎత్తైన మనిషి, అంతే.

ఉప సమస్య, ఈటె విరగడం: అలెగ్జాండర్‌ది గట్టుమీదే విరిగింది. గుర్రం ఎక్కించే అరెటిస్‌ని ఇంకోటి ఇవ్వమన్నాడు. అతనిదీ విరిగిపోయి ఉంది, మిగిలిన సగంతోనే పొడుస్తున్నాడు. విరిగిన ముక్క చూపించి ఇంకెవరినైనా అడగమన్నాడు. కోరింత్‌వాడైన డెమరేటస్ తనది ఇచ్చాడు. కాసేపటికి వెనకనుంచి పారసీక గవర్నర్ స్పిత్రిడేటిస్ కత్తి ఎత్తాడు. అలెగ్జాండర్ మనిషి క్లీటస్ ఆ చేతిని భుజం దగ్గర నరికాడు. ఆరేళ్ల తర్వాత అదే క్లీటస్‌ని తాగిన మత్తులో అలెగ్జాండర్ చంపాడు. దానికి ఈ గైడ్‌లో పరిష్కారం లేదు.

సమస్య: సముద్రం మీద మీకు చోటు లేదు

లక్షణం: మీ ఓడలు 160, వాళ్లవి 400. ఓడల ఖర్చుకి డబ్బూ లేదు.

పరిష్కారం: మిలెటస్ అనే రేవు పట్నం పడ్డాక అలెగ్జాండర్ నౌకాదళాన్ని దాదాపు మొత్తం రద్దు చేసేశాడు. ఓడలకి మంచినీళ్లు, తిండి, మనుషులు రేవుల్లోనే కదా దొరుకుతాయి. రేవులన్నీ నేల మీదనుంచి పట్టేస్తే సరి అన్నాడు.

చాలామంది దీన్ని మహా ఎత్తు అంటారు. నాకు తొందరపాటుగానే కనిపిస్తుంది. రోడ్స్‌వాడైన మెమ్నాన్, పారసీకుల వైపు ఉన్న అసలైన బుర్ర, 333లో కియోస్ ద్వీపాన్నీ లెస్బోస్ ద్వీపంలో చాలాభాగాన్నీ పట్టేశాడు. అలెగ్జాండర్ మళ్లీ ఓడలు కూడగట్టమని మనుషుల్ని పంపాల్సి వచ్చింది. మెమ్నాన్ లెస్బోస్‌లోని మిటిలీనీ పట్నం ముట్టడిలో జబ్బుచేసి చనిపోయాడు, గండం గడిచింది. గ్రానికస్‌కి ముందు కూడా పంటలు తగలబెట్టి వెనక్కి పోదాం, వీడి దగ్గర తిండి లేదు అని చెప్పినవాడు ఇతనే. అక్కడి గవర్నర్లు వినలేదు. జబ్బు సరిగ్గా కనిపెట్టి, మందు వేసుకోని కేసు అది.

సమస్య: కోట సముద్రం మధ్యలో ఉంది

టైర్, 332, జనవరి నుంచి జూలై దాకా. పరిష్కారం అనుకున్నది: ద్వీపం దాకా రాళ్లూ దుంగలూ వేసి కట్ట కట్టడం. ఆ కట్ట చివరన రెండు బురుజులు పెట్టారు.

టైర్ వాళ్లు ఏం చేశారంటే, గుర్రాలు మోసే పెద్ద ఓడ నిండా ఎండు పుల్లలు, తారు, గంధకం నింపారు. మొన పైకి లేచేలా వెనకభాగంలో బరువు వేశారు. తెరచాప దూలాలకి మంట రేపే ద్రవంతో బానలు వేలాడదీశారు. గాలి చూసుకుని కట్ట మీదికి ఎక్కించి అంటించారు. దూలాలు కాలగానే బానలు మంటలో బోర్లా పడ్డాయి. రెండు బురుజులూ బూడిద. కట్ట వెడల్పు చేయమని, ఇంకా బురుజులు కట్టమని అలెగ్జాండర్ చెప్పాడు గానీ, అసలు లోపం ఓడలు లేకపోవడమే అని అప్పుడు ఒప్పుకున్నాడు. ఇస్సస్ కబురు తెలిసి ఫినీషియన్ ఓడలు, సైప్రస్ నుంచి 120 ఓడలు అతని వైపు వచ్చేశాయి. పై సమస్యలో రద్దు చేసిన వస్తువే ఇక్కడ మందైంది.

చిన్న సమస్య ఇంకోటి: గోడ దగ్గర లంగరు వేసిన ఓడల తాళ్లని టైర్ ఈతగాళ్లు నీటి కిందనుంచి వచ్చి కోసేవాళ్లు. తాళ్లు తీసి గొలుసులు వేశారు, ఆగింది. ఆ కట్టకి ఇసుక పట్టీ పట్టీ టైర్ ఇప్పటికీ ద్వీపకల్పంగానే ఉంది, లెబనాన్‌లో.

సమస్య: కనుమ మూసేశారు

పర్షియన్ గేట్స్, 330 మొదట్లో. పారసీక గవర్నర్ అరియోబర్జానిస్ గోడ కట్టి పైనుంచి బండలు దొర్లించాడు. మొదటి దాడి చిత్తు. పరిష్కారం ఆయుధాల్లో లేదు, ఖైదీల్లో దొరికిన ఒక గొర్రెల కాపరి దగ్గర ఉంది. చుట్టుదారి అతనికి తెలుసు. సేనాని క్రాటెరస్‌ని శిబిరంలోనే ఉంచి, రోజూ వెలిగేన్ని మంటలే వెలిగించమని చెప్పి, రాత్రికి రాత్రి వెనక్కి చేరుకున్నారు.

సమస్య: ఎవరు పెద్దో తెలియదు

లక్షణం: ఒక్కో దళం బాగానే ఉంది, మొత్తం మాత్రం కదలదు.

329, మధ్య ఆసియాలో పాలిటిమెటస్ నది, ఇప్పటి జెరవ్‌షాన్. అక్కడ ఎదురు తిరిగిన సోగ్డియా నాయకుడు స్పిటమెనిస్ నిలబడి యుద్ధం చేయడు, గుర్రాల మీద చుట్టూ తిరుగుతూ బాణాలు వేస్తాడు. అతని మీదికి పంపిన దళానికి ఫార్నుకిస్ అనే దుబాసీని పెద్దగా పెట్టారు, మాట్లాడి ఒప్పిస్తాడని. యుద్ధం మీదపడగానే, నాకు ఈ పని రాదు, మీరు తీసుకోండి అన్నాడు. మిగతా ముగ్గురూ మాకొద్దంటే మాకొద్దన్నారు. ఈలోపు ఒకాయన ఎవరికీ చెప్పకుండా గుర్రాల్ని నది దాటించాడు, కాల్బలం కంగారుపడి వెంట దిగింది. 2,300 మందికి పైగా వెళ్తే సుమారు 340 మంది తిరిగొచ్చారు.

పరిష్కారం: మొదట చేసింది చెడ్డ పని. తిరిగొచ్చినవాళ్లు నోరు విప్పితే చంపుతామన్నారు. తర్వాత చేసింది సరైన పని. 328లో సైన్యాన్ని చిన్న చిన్న దళాలుగా విడదీసి, ఒక్కోదానికి ఒక్క నాయకుణ్ణే పెట్టి, ఊళ్లలో కాపలా దళాలు ఉంచి, స్పిటమెనిస్ తిండికీ గుర్రాలకీ వచ్చే చోట్లు ఒక్కొక్కటీ మూసుకుంటూ వచ్చారు. ఆ నేలవాళ్లయిన బాక్ట్రియా, సోగ్డియా రౌతుల్నే తమలో చేర్చుకున్నారు. ఆ ఏడాది చివర అలెగ్జాండర్ సేనాని కోయ్‌నస్ చేతిలో స్పిటమెనిస్ ఓడిపోయాడు. అలెగ్జాండర్ తమ మీదికే వస్తున్నాడని విని, అతనికి ఆశ్రయమిచ్చిన మస్సగెటాయ్ తెగవాళ్లే తల నరికి పంపించారు.