బిడ్డలు చూసుకోకపోతే ఆర్డీఓ దగ్గర అర్జీ పెట్టుకోవడం ఎలా?

"కన్నకొడుకు మీద కేసు పెట్టేదా? నలుగురూ ఏమనుకుంటారు?" అర్జీ రాద్దామని కూర్చున్న రోజు మా పక్కింటి అవ్వ అన్న మొదటి మాట ఇది. మాది చిత్తూరు. ఆమెకి చెప్పిందే మీకూ చెప్తున్నాను. ఇది క్రిమినల్ కేసు కాదు. తిండికి, మందులకి నెలనెలా డబ్బు ఇప్పించమని అడగడం. 2007లో వచ్చిన తల్లిదండ్రుల, వయోవృద్ధుల పోషణ చట్టం ఆ హక్కు ఇచ్చింది.

సొంత సంపాదనతోనో ఆస్తితోనో బతకలేని తల్లిదండ్రులు ఎవరైనా అడగొచ్చు. వాళ్ళకి 60 ఏళ్ళు నిండాలన్న షరతు లేదు. కొడుకులతో పాటు కూతుళ్ళకీ, మేజరైన మనవళ్ళు, మనవరాళ్ళకీ బాధ్యత ఉంది. పిల్లలు లేనివాళ్ళు 60 దాటితే, తమ ఆస్తి అనుభవిస్తున్న లేదా తమ తర్వాత ఆస్తి దక్కబోయే బంధువుల మీద పెట్టుకోవచ్చు.

అర్జీ ఇవ్వాల్సింది ఆర్డీఓ ఆఫీసులో. ఇలాంటి అర్జీలు విని తేల్చే ట్రిబ్యునల్ ఆయనదే. కొడుకు బెంగళూరులో ఉన్నా, చెన్నైలో ఉన్నా మీరు అక్కడికి పరుగెత్తక్కర్లేదు. మీరుండేది తిరుపతి అయితే తిరుపతిలోనే, పలమనేరు అయితే పలమనేరులోనే ఇవ్వొచ్చు. లాయరును పెట్టుకోవాల్సిన పని లేదు. నడవలేని స్థితిలో ఉంటే మీ తరఫున ఇంకొకరికి అధికారం రాసివ్వొచ్చు.

అసలు బలమంతా ఖర్చుల లెక్కలో ఉంటుంది. "నన్ను చూడటం లేదు" అని రాసి ఊరుకుంటే ఆర్డీఓ ఎంత ఇప్పించాలో ఎలా తేలుస్తారు? అవ్వ మందుల చీటీలన్నీ పాత బిస్కెట్ల డబ్బాలో దాచుకుంది. చాప మీద పరిచి ఒక్కొక్కటే చూస్తుంటే కాగితంలో చుట్టిన సగం బిళ్ళలు కనిపించాయి. షుగరు మాత్రలు. నెలకి తెచ్చుకున్నవి రెండు నెలలు రావాలని విరిచి మింగుతోంది. నాకు నోట మాట రాలేదు. ఆ విషయం కూడా అర్జీలో రాశాం. బియ్యం, పాలు, గ్యాసు, కరెంటు, ఆసుపత్రికి ఆటో చార్జీ, అన్నీ విడివిడిగా రాయండి. పింఛను వస్తుంటే దాచొద్దు, అది పోను ఎంత తక్కువ పడుతోందో చూపించండి. బిడ్డలందరి పేర్లు, అడ్రసులు, ఫోన్ నంబర్లు, చేసే పని కూడా రాయండి. ఒక్కరి పేరే రాస్తే "మిగతావాళ్ళ సంగతేంటి?" అని ఆ బిడ్డ అడుగుతారు, మిగిలినవాళ్ళనీ చేర్చమని కోరే హక్కు వాళ్ళకుంది. ఆధార్, పాస్‌బుక్ జిరాక్సులు జతచేయండి. తీర్పు వచ్చేలోపు మధ్యంతరంగా కొంత ఇప్పించమని అదే అర్జీలో అడగడం మర్చిపోకండి. ఇచ్చాక రసీదు తీసుకోండి.

తర్వాత బిడ్డలకి నోటీసు వెళ్తుంది. నోటీసు అందిన 90 రోజుల్లో తేల్చాలి, మహా అయితే ఇంకో 30 రోజులు. మధ్యలో రాజీకి కూర్చోబెట్టవచ్చు. అక్కడే జాగ్రత్త. "ఇకనుంచి మేం చూసుకుంటాంలే" అంటే కరిగిపోయి తలూపొద్దు. ఎంత, ఏ తేదీకి, ఏ అకౌంటులో వేస్తారో రాయించుకుని సంతకాలు పెట్టించండి. ట్రిబ్యునల్ ఇప్పించగలిగేది గరిష్ఠంగా నెలకి 10,000 రూపాయలు. తీర్పు నచ్చకపోతే 60 రోజుల్లో కలెక్టర్ స్థాయిలోని అప్పీలు ట్రిబ్యునల్‌కి వెళ్ళొచ్చు.

ఇల్లో పొలమో గిఫ్ట్ డీడ్ రాసిచ్చేసినవాళ్ళ బాధ వేరు. ఈ చట్టం వచ్చాక రాసిచ్చిన ఆస్తి అయితే, పోషించాలనే షరతు మీద ఇచ్చి ఉంటే, వాళ్ళు మాట తప్పినప్పుడు ఆ డీడ్ రద్దు చేయమని ఇదే ట్రిబ్యునల్‌ని అడగొచ్చు. ఆస్తి తిరిగి స్వాధీనం చేయమని ఆదేశించే అధికారం కూడా ట్రిబ్యునల్‌కి ఉందని 2025 జనవరిలో సుప్రీంకోర్టు చెప్పింది. కానీ షరతు కాగితం మీద లేకపోతే నిరూపించడం కష్టం. ఇంకా రాసివ్వనివాళ్ళు రిజిస్ట్రార్ ఆఫీసుకి వెళ్ళేముందే "నా తిండి, వసతి, వైద్యం చూసుకోవాలనే షరతుతో ఇస్తున్నాను" అన్న వాక్యం డాక్యుమెంటులో ఉందో లేదో చదివించుకోండి. చదవడం రాకపోతే బయటి మనిషి చేత చదివించండి.

ఆర్డర్ అయ్యాక 30 రోజుల్లో డబ్బు కట్టాలి. కట్టకపోతే, చెల్లించాల్సిన తేదీ నుంచి మూడు నెలల్లోపు మళ్ళీ ట్రిబ్యునల్‌కి వెళ్ళాలి. వారెంటు ఇస్తారు, అప్పటికీ కట్టకపోతే నెల దాకా జైలు కూడా ఉంటుంది. ఆ మూడు నెలల గడువు దాటనివ్వకండి. నెలనెలా పాస్‌బుక్‌లో ఎంట్రీ వేయించండి. అవ్వ ఇంట్లో క్యాలెండర్ మీద, డబ్బు పడాల్సిన ప్రతి నెల ఐదో తేదీకీ ఎర్ర పెన్నుతో సున్నా చుట్టి వచ్చాను.

ఎవరూ తోడు లేకపోతే వృద్ధుల హెల్ప్‌లైన్ 14567కి ఫోన్ చేయండి.