తలపైన ఉన్న జాయింట్‌కు వెల్డింగ్: ఆర్క్ పొట్టిగా, పూల్ చిన్నదిగా

అనంతపురం, చిత్తూరు ప్రాంతాల నుంచి బెంగళూరు పీణ్యాలోని ఫ్యాబ్రికేషన్ షెడ్లకు వచ్చే కుర్రవాళ్లు బల్ల మీది ప్లేటుకు చక్కని బీడ్ (కరిగి గట్టిపడిన లోహపు వరుస) వేస్తారు. అదే జాయింట్ తలపైకి వెళ్లేసరికి, కరిగిన ఇనుము మీద పడుతుందన్న భయంతో వెల్డింగ్ రాడ్‌ను దూరం జరుపుతారు. నిజానికి ఇనుము కారేది ఆ దూరం వల్లనే. ద్రవలోహాన్ని పైన నిలిపి ఉంచేవి దాని తలతన్యత (ద్రవం ఉపరితలం బిగువు), రాడ్ కొనకూ ప్లేటుకూ మధ్య మండే ఆర్క్ తోపుడు. ఆర్క్ పొడుగైతే ఆ తోపుడు తగ్గి, పూల్ (కరిగిన లోహపు మడుగు) వెడల్పై, తన బరువును తానే ఆపుకోలేక జారుతుంది.

జాయింట్‌కు సరిగ్గా కింద కాకుండా కొంచెం పక్కగా నిలబడాలి. లెదర్ జాకెట్ మెడ వరకు బిగించి, తలకు టోపీ పెట్టి, ప్యాంటు అంచును బూటు మీదికి వదలాలి. లోపలికి దోపితే నిప్పురవ్వ నేరుగా పాదంలోకి దిగుతుంది. కేబుల్‌ను భుజం మీదుగా వేసుకోవడం చిన్న విషయంలా కనిపిస్తుంది కానీ, నేను నేర్చుకునే రోజుల్లో దాన్ని వేలాడనిచ్చి, సగం రాడ్ అయ్యేసరికి మణికట్టు వాలి, ఆర్క్ పెరిగి, బీడ్ నిండా సూదిబెజ్జాలు తెచ్చుకున్నాను.

3.15 మి.మీ. 7018 రకం (తక్కువ హైడ్రోజన్ పూత ఉన్న) రాడ్‌ను తేమ లేకుండా ఆరబెట్టి, డీసీ మెషీన్ పాజిటివ్ కొనకు కలిపి, ప్యాకెట్ మీద రాసిన పరిధికి లోబడి 100–115 ఆంపియర్ల మధ్య మొదలుపెట్టవచ్చు. ఆర్క్ పొడవు రాడ్ మందాన్ని మించకూడదు. మూకుడులో వడియాలు వేగుతున్నట్టు చప్పుడు నిలకడగా వస్తుంటే దూరం సరిపోయినట్టే. హోల్డర్‌ను వెళ్లే దిశవైపు సుమారు 10 డిగ్రీలు వాల్చి, ఫిల్లెట్ (రెండు ప్లేట్లు మూలగా కలిసే జాయింట్) అయితే ఆ ప్లేట్ల మధ్య కోణాన్ని ఇంచుమించు సగం చేసేలా పట్టాలి. వెడల్పుగా ఊపకుండా సన్నని బీడ్లను పక్కపక్కనే వేస్తూ, ప్రతి పాస్ (ఒక వరుస బీడ్) తర్వాత స్లాగ్‌ను, అంటే పైన గట్టిపడే పూత పెంకును, సుత్తితో, వైర్ బ్రష్‌తో పూర్తిగా తీసివేయాలి.

రెండు ప్లేట్లు అంచుకు అంచు కలిసే బట్ జాయింట్‌లో అసలు కష్టం రూట్ (గాడి లోపలి మొదలు) దగ్గరే. 60 డిగ్రీల వి-గ్రూవ్‌కు (V ఆకారపు గాడికి) సుమారు 3 మి.మీ. గ్యాప్ ఇచ్చి, రాడ్ కొనను ఆ గ్యాప్‌లోకి బాగా పైకి నెట్టి ఉంచాలి. వెనక్కి తీస్తే లోహం కిందికి కుంగి, పైవైపు రూట్ గుంట పడుతుంది.

మొదటి బీడ్ చల్లారాక కింద నుంచి చూడండి. చుక్కలు వేలాడితే కరెంటు ఎక్కువైనట్టు లేదా చేయి నెమ్మదించినట్టు. బీడ్ తాడులా ఉబ్బి అంచుల్లో స్లాగ్ ఇరుక్కుంటే కరెంటు చాలనట్టు. అంచుల్లో గాడి పడితే, మళ్లీ ఆర్క్ పొడవునే తగ్గించాలి.