సినిమాల్లో చిన్న వేషం కావాలా? ముందు తెర వెనక పని పట్టు

శ్రీకాకుళం నుంచి ఎవరైనా ఫోన్ చేసి "అన్నా, ఒక వేషం ఇప్పించవా" అంటే నేను ముందు అడిగేది ఒకటే, నీకు ఏ పని వచ్చు? కుట్టుపని, వడ్రంగం, రంగులెయ్యడం, ఏదైనా సరే. వేషం కోసం ఆఫీసుల చుట్టూ తిరిగేవాడి ఫొటో ఏ సొరుగులోనో పడుంటుంది, బట్టలు చూసే కాస్ట్యూమ్స్‌లోనో సెట్లు వేసే ఆర్ట్‌లోనో పనిచేసేవాడు మాత్రం రోజూ డైరెక్టర్ కళ్ళముందే ఉంటాడు, అనుకున్న ఆర్టిస్టు రాకపోతే "ఒరే, నువ్వొచ్చి నిలబడు" అని పిలిచేది వాణ్ణే. నాకూ అలాగే వచ్చింది. విజయనగరంలో సంగీతం చదువుకున్న ఘంటసాల గారు కూడా మద్రాసు వెళ్ళిన కొత్తలో కోరస్‌లో పాడుతూ చిన్న వేషాలు వేసినవారే.

ఇంటి దగ్గరే మొదలుపెట్టు. నాటకాలు వేసేవాళ్ళతో తిరుగు, తెర కట్టు, మేకప్ పెట్టె మొయ్యి. భీమిలి, అరకు వైపు షూటింగ్ పడితే ప్రొడక్షన్ మేనేజర్‌ని కలిసి పని అడుగు, వేషం ఊసెత్తకు.

ఆమదాలవలసలో రైలెక్కి హైదరాబాద్ వచ్చేస్తే కృష్ణానగర్‌లో గది దొరుకుతుంది, నాలుగు నెలల తిండికి డబ్బు దగ్గరుంచుకో. "యూనియన్ కార్డు ఇప్పిస్తా" అని ముందే డబ్బడిగేవాడికి రూపాయి ఇవ్వకు. నేను ఇచ్చాను, అమ్మ గాజులు తాకట్టు పెట్టిన డబ్బు, ఈరోజుకీ తిరిగి రాలేదు. నువ్వు చేసే పనికి సంబంధించిన క్రాఫ్ట్ యూనియన్ ఆఫీసుకి నేరుగా వెళ్ళి కార్డుకి ఎంతో కనుక్కో, కట్టి రసీదు తీసుకో.

సెట్లో అన్నిటికంటే ముందు నేర్చుకోవాల్సింది కంటిన్యుటీ, అంటే ఒక సీనులో షాట్ షాట్‌కీ బట్టలు, వస్తువులు మారకుండా ఒకేలా ఉండటం. నా మొదటి వేషం టీ కొట్టువాడు. పొద్దున్న షాట్లో తువ్వాలు ఎడమ భుజం మీదుంది, భోజనాలయ్యాక క్లోజప్‌కి కుడి భుజం మీద వేసుకుని నిలబడిపోయాను, అసిస్టెంట్ డైరెక్టర్ పాత షాట్ చూసి ఆపేశాడు, లైటు పోతోందని అందరికీ టెన్షన్. అప్పటినుంచి షాట్ అవ్వగానే ఫోన్లో ఫొటో తీసుకుంటాను: ఎన్ని గుండీలు పెట్టుకున్నాం, చెయ్యి ఎంతవరకు మడిచాం, గ్లాసులో టీ ఎంతుంది. నువ్వూ తీసుకో.

మన యాస దాచుకోకు. "ఏటి", "నాను" అని సహజంగా పలికేవాడు కావలసిన సీను పడితే ముందు నువ్వే గుర్తొస్తావు, డబ్బింగ్‌కీ పిలుస్తారు.

ఒక చిన్న పుస్తకం జేబులో పెట్టుకో. తేదీ, సినిమా, చేసిన పని, వేసిన వేషం, చేతికొచ్చిన బేటా (రోజువారీ భత్యం) ఏ రోజుకారోజు రాయి. డబ్బు ఆగిపోయినప్పుడు మేనేజర్ ముందు తెరవాల్సింది ఆ పుస్తకమే.