పాదంలో నాడిని వెతికి పట్టుకోవడం ఎలా

నర్సంపేట, పరకాల వైపు నాట్ల కాలంలో పొద్దంతా బురదలో నిలబడి వచ్చినవారి పాదాలపై ఉబ్బి కనిపించే నీలిరంగు గీతలు సిరలే గాని ధమనులు కావు. నాడి అంటే గుండె నుంచి రక్తం తెచ్చే ధమని కొట్టుకోవడమే, ఆ ధమనిని కంటితో కాక వేలితో వెతకాలి.

ముందుగా మనిషిని పడుకోబెట్టి, పాదం చల్లగా ఉంటే కాసేపు కప్పి ఉంచాలి. కాలి బొటనవేలిని పైకి ఎత్తమంటే, కండరాన్ని ఎముకకు కలిపే స్నాయుబంధనం ఒకటి పాదంపై తాడులా బిగుసుకుంటుంది. దానికి చిటికెనవేలి వైపున, పాదం పైభాగపు మధ్యలో, మూడు వేళ్ల కొసలను తేలికగా ఆనించాలి. గట్టిగా నొక్కితే ధమని అణగిపోతుంది. మన చేతి బొటనవేలితో చూస్తే మన నాడినే వారిదనుకుంటాం, కొత్తగా నేర్చుకునేవారు తరచుగా పొరబడేది ఇక్కడే. ఆరోగ్యవంతుల్లోనూ కొందరికి ఈ చోట నాడి అందదు కనుక, లోపలివైపు చీలమండకు, మడమ వెనుకనున్న లావుపాటి స్నాయుబంధనానికి నడుమ పల్లంలో కూడా చూడాలి.

సిరల దారి సులువు: పాదంపై విల్లులా వంగిన సిర నుంచి ఒక పాయ లోపలి చీలమండ ముందుగా తొడదాకా, మరొకటి బయటి చీలమండ వెనుకగా మోకాలి వెనుకకు సాగుతాయి.

మధుమేహం ఉన్నవారికి రెండుచోట్లా నాడి అందకపోతే, పుండు పడేదాకా ఆగకుండా వైద్యునికి చూపించాలి. పాదం హఠాత్తుగా చల్లబడి పాలిపోతే ఆ గంటలోనే వరంగల్ ఎం.జి.ఎం. వంటి పెద్దాసుపత్రికి తీసుకువెళ్లాలి.