యోయో మొరాయిస్తే ముందు దారం చూడండి

పోటీల్లో వాడే యోయో కాస్త తేడా చేయగానే కొత్తది కొనాలనిపిస్తుంది. తొందరపడకండి. చాలాసార్లు తప్పు దారానిదో, యోయో మధ్యలో తిరిగే చిన్న చక్రం లాంటి బేరింగ్‌దో అయి ఉంటుంది.

కిందికి వెళ్లింది, పైకి రావట్లేదు

అది పాడవలేదు. ఒక్క యోయోతో దారం మీద ట్రిక్కులు చేసే 1ఎ విభాగంలో దాదాపు అందరూ వాడేది అన్‌రెస్పాన్సివ్ రకమే. చెయ్యి ఎగరేస్తే అది రాదు. దారాన్ని మడిచి యోయో రెండు సగాల మధ్య ఉండే గ్యాప్‌లోకి అందించాలి, దీన్నే బైండ్ అంటారు. బైండ్ కూడా జారిపోతుంటే దారం నలిగి సన్నబడిందేమో చూసి మార్చండి. అయినా జారితే దారాన్ని పట్టుకునే లోపలి ప్యాడ్లు అరిగినట్టే, కొత్తవి అంటించాలి.

ట్రిక్కు మధ్యలో చటుక్కున పైకి వచ్చేస్తోంది

వేలి కణుపులకు తగిలితే ప్రాణం పోయినంత పనవుతుంది. యోయో విప్పి, బేరింగ్ తీసి, పెన్సిల్ మొనకు తగిలించి వేలితో తిప్పండి. వెంటనే ఆగిపోతే లోపల దుమ్మో, దారం నూగో, ఎక్కువైన నూనో ఉంది. పక్కల మూతల్లా ఉండే షీల్డులు తీసేసి బేరింగ్‌ను అసిటోన్‌లో కాసేపు నానబెట్టి, పూర్తిగా ఆరనివ్వండి. గాలి ఆడేచోట, మంటకు దూరంగా చేయండి. నెయిల్ పాలిష్ రిమూవర్ వద్దు, అందులో కలిపే నూనెలు బేరింగ్‌లోనే మిగిలిపోతాయి. చివర్లో పల్చటి లూబ్ (బేరింగ్‌కు వేసే నూనె) ఒక్క చుక్క చాలు. ఇంట్లో ఉంది కదా అని కొబ్బరినూనె మాత్రం వెయ్యకండి!

బేరింగ్ బాగానే తిరుగుతుంటే కొత్త ప్యాడ్లు గ్యాప్‌లోకి పొడుచుకొచ్చాయేమో చూడండి.

దారం తనకు తానే మెలికపడుతోంది

టెన్షన్, అంటే దారంలోని మెలి, ఎక్కువైంది. యోయోను వేలాడదీసి వదిలేస్తే అదే గిర్రున తిరిగి మెలి విప్పుకుంటుంది. మరీ వదులైనా ఇబ్బందే, బేరింగ్ చుట్టూ ఉన్న ఉచ్చు తెరుచుకుంటుంది.

వణుకుతోంది

విప్పి, బేరింగ్ సరిగ్గా కూర్చుందో లేదో చూసి మళ్లీ బిగించండి. బలమంతా పెట్టి బిగిస్తే అల్యూమినియం మరలు అరిగిపోతాయి. సిమెంటు నేల మీద పడి సొట్టపోయిన యోయోకి కొంత వణుకు ఎలాగూ ఉంటుంది.

ఒక పక్కకి ఒరుగుతోంది

ఇది యోయో తప్పు కాదు, మీ త్రోది. మణికట్టు నిటారుగా ఉంచి విసరండి.

స్టేజీ మీద ముడి పడింది

ప్రపంచ పోటీల 1ఎ ఫైనల్లో ఫ్రీస్టైల్‌కు, అంటే స్టేజీ ప్రదర్శనకు, ఉండేది 3 నిమిషాలే. యోయో మారిస్తే మార్కులు పోతాయి నిజమే, కానీ గట్టి ముడి విప్పుతూ నిలబడితే ఆ సమయంలో రావాల్సిన మార్కులూ పోతాయి. స్పేర్ యోయో తీయండి. దానికీ అదే రకం దారం, అంతే అరిగిన ప్యాడ్లు ఉండాలి. కొత్త దారమైతే స్టేజీ ఎక్కేముందే కొన్ని త్రోలు వేసి సర్దుకోనివ్వండి.