ఓపెన్ వరల్డ్ గేమ్ చేస్తున్నారా? పాత సినిమాల నుంచి ఏం తీసుకోవాలంటే

ప్లేయర్ ఎటైనా స్వేచ్ఛగా తిరగగలిగే ఓపెన్ వరల్డ్ గేమ్‌కి పాత సినిమా స్టైల్ కావాలనగానే చాలామంది ముందు పెట్టేది బ్లాక్ అండ్ వైట్ ఫిల్టర్, తెరకి పైనా కిందా నల్ల పట్టీలు. వాటి సంగతి చివర్లో చూసుకోండి. ముందు ఆ సినిమా మన చూపుని ఎటు నడిపిస్తోందో పట్టుకోవాలి.

2020లో వచ్చిన సమురాయ్ గేమ్ 'ఘోస్ట్ ఆఫ్ సుషిమా'నే తీసుకోండి. అందులో జపాన్ దర్శకుడు అకిరా కురొసావా పేరు మీద పెట్టిన కురొసావా మోడ్ ఆన్ చేస్తే బొమ్మంతా బ్లాక్ అండ్ వైట్ అయిపోతుంది, అందరూ దాని గురించే మాట్లాడతారు గానీ నన్నడిగితే అసలు పాఠం గాలిలో ఉంది. కురొసావా ఫ్రేమ్‌లో మనుషులు కదలకుండా నిలబడ్డా వెనకాల వానో, దుమ్మో, పొగో ఏదో ఒకటి కదులుతూనే ఉంటుంది. ఈ గేమ్ ఆ కదలికకి ఒక పని అప్పజెప్పింది. మీరు వెళ్లాల్సిన వైపే గాలి వీస్తుంది, గడ్డి అటే వాలుతుంది, ఆకులు అటే కొట్టుకుపోతాయి. దాంతో తెర మూలన దారి చూపే మినీమ్యాప్ (చిన్న మ్యాప్) అవసరమే లేకుండా పోయింది, ప్లేయర్ కళ్లు లోకం మీదే ఉంటాయి. ఎంత గొప్ప ఆలోచనో!

మీరూ ఇలా చేయండి. నచ్చిన పాత సినిమాలో ఒక సీన్ సౌండ్ తీసేసి చూడండి, ప్రతి షాట్ దగ్గరా ఆపి మీ చూపు ముందు దేని మీద పడిందో, ఎందుకు పడిందో రాసుకోండి: వెలుగా, కదలికా, చుట్టూ వదిలిన ఖాళీయా? తర్వాత మీ లెవెల్‌లో దారులు చీలే చోట నిలబడి, తెర మీద దారి చూపే మార్కర్లన్నీ ఆపేసి, ఒక స్క్రీన్‌షాట్ తీసి అదే పరీక్ష పెట్టండి. చూపు ఎక్కడా ఆగకపోతే అక్కడ ఇంకో ఐకాన్ పెట్టకండి, కొండనో చెట్టునో జరపండి.

గుమ్మాలు కూడా ముఖ్యమే. జాన్ ఫోర్డ్ తీసిన 'ది సెర్చర్స్' (1956) చీకటి ఇంట్లోంచి తలుపు తెరుచుకుని ఎడారి కనబడటంతో మొదలవుతుంది. 2017 నాటి గేమ్ 'బ్రెత్ ఆఫ్ ద వైల్డ్' కూడా మిమ్మల్ని గుహలోంచి బయటికి తెచ్చి, కొండ అంచున లోకమంతా ఒక్కసారిగా చూపిస్తుంది. కాబట్టి పెద్ద దృశ్యానికి ముందు ఇరుకు, చీకటి ఉండేలా చూసుకోండి.

ఇక టైమింగ్. వెస్టర్న్ (కౌబాయ్) సినిమాల్లో ఊరికే గుర్రం మీద సాగిపోయే షాట్లుంటాయి, వాటిని ఖాళీ అనుకుని నింపేయకండి. 'రెడ్ డెడ్ రిడెంప్షన్' (2010) అనే కౌబాయ్ గేమ్‌లో మెక్సికోలోకి తొలిసారి వెళ్తున్నప్పుడు పాట మొదలవుతుంది, గుర్రాన్ని నడిపేది మాత్రం ప్లేయరే. మీ గేమ్‌లో పెద్ద ఫైట్ అయ్యాక అలాంటి దారి ఒకటి వదలండి, అక్కడ కొత్త మిషన్ ఇవ్వకండి, పాపప్‌లు రానివ్వకండి.