టెండరులో పక్కన పెట్టారా? హైకోర్టుకు వెళ్లే ముందు ఈ కాగితం చూసుకోండి

మొన్న ఒక చిన్న కాంట్రాక్టరు సంచి నిండా కాగితాలు తెచ్చి బల్ల మీద పోశారు. మురుగుకాల్వ పని. అనుభవ ధ్రువపత్రం, సాల్వెన్సీ (ఆర్థిక స్తోమత) పత్రం, జీఎస్టీ, టర్నోవరు లెక్కలు, అన్నీ ఉన్నాయి. ఎందుకు పక్కన పెట్టారో ఆఫీసు రాసిచ్చిన ముక్క మాత్రం లేదు. అడిగితే ఫోను తీసి, పోర్టల్లో 'నాట్ క్వాలిఫైడ్' అని కనిపిస్తున్న తెర చూపించారు. అప్పటికే 'రెండ్రోజుల్లో స్టే తెప్పిస్తా' అన్న పెద్దమనిషికి అడ్వాన్సు కూడా ముట్టజెప్పారు.

ప్రభుత్వ శాఖ, మున్సిపాలిటీ, ప్రభుత్వ కార్పొరేషన్ పిలిచిన టెండరైతే రాజ్యాంగం 226వ అధికరణ కింద రిట్ (ప్రభుత్వ నిర్ణయాన్ని ప్రశ్నిస్తూ హైకోర్టులో వేసే పిటిషన్) వేయొచ్చు. తెలంగాణ పనికి హైదరాబాద్, ఆంధ్ర పనికి అమరావతి. అగ్రిమెంటు అయ్యాక వచ్చే బిల్లుల తగాదా వేరే దారి, దాన్ని ఇందులో కలపకండి.

'తక్కువకు వేసింది నేనే, పని నాకే ఇప్పించండి' అంటే కోర్టు వినదు. నిర్ణయం మంచిదా కాదా అన్నది కాదు, ఆ నిర్ణయానికి వచ్చిన తీరు చూస్తామని 1994లో టాటా సెల్యులార్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. 2006లో జగదీష్ మండల్ కేసులో దాన్ని రెండు ప్రశ్నలుగా విడదీసింది. దురుద్దేశమో, ఒకరికి మేలు చేయాలన్న పక్షపాతమో, బుద్ధున్న అధికారి ఎవరూ చేయనంత అడ్డగోలుతనమో ఉందా? ప్రజాప్రయోజనం దెబ్బతింటోందా? రెండింటికీ జవాబు లేదనే అయితే కోర్టు వేలు పెట్టదు.

అందుకే కారణం అడిగిన ఆ కాగితం కావాలి. ఏ షరతు తప్పామని మనల్ని తీసేశారో తెలియకపోతే తీరు తప్పని చూపించేదెలా? తెర మీద ఫలితం కనబడ్డ రోజే తేదీ, సమయం పడేలా స్క్రీన్‌షాట్ తీసుకోండి. బిడ్ సమర్పించినప్పటి రసీదూ దింపుకోండి. అదే రోజు, ఆలస్యమైతే మర్నాడు, టెండరు పిలిచిన అధికారికి ఒక పేజీ అర్జీ ఇవ్వండి: టెండరు నంబరు, నేను జతచేసిన పత్రం ఇది, ఫలానా షరతుకు ఇది సరిపోతుంది, తిరస్కరణకు కారణం రాతపూర్వకంగా ఇవ్వండి, అప్పటిదాకా ప్రైస్ బిడ్ (ధర రాసిన భాగం) తెరవొద్దు. కోపం అక్కర్లేదు, ఎవరినీ తిట్టొద్దు. రెండో కాపీ మీద అందినట్టు ఇన్‌వర్డ్ సీలు వేయించుకోవాలి. 'సార్ లేరు, రేపు రండి' అంటారు. అప్పుడు స్పీడ్ పోస్టులో ఒకటి, ఆఫీసు ఈమెయిల్‌కు ఒకటి పంపేయండి. జవాబు రాకపోయినా ఫరవాలేదు. అడిగాం, చెప్పలేదు అనడానికి ఆ సీలో, పోస్టు రసీదో చాలు.

పది రూపాయల ఆర్టీఐ (సమాచార హక్కు) దరఖాస్తు కూడా పెట్టండి, కానీ దాని కోసం కూర్చోవద్దు. వాళ్లకు 30 రోజుల గడువుంది, ఆలోగా అవతల అగ్రిమెంటు అయిపోతుంది. రిట్‌కు ఇన్ని రోజులని లెక్క లేకపోయినా, పని మొదలయ్యాక వచ్చినవాడిని కోర్టు 'ఇన్నాళ్లూ ఏం చేశావు' అనే అడుగుతుంది. షరతే అన్యాయమనుకుంటే బిడ్ వేయకముందే ప్రశ్నించాలి. ఒప్పుకుని బిడ్ వేసి, ఓడాక షరతు తప్పంటే నిలవదు.

దాఖలు పెద్ద పనేం కాదు: అఫిడవిట్ (ప్రమాణపత్రం), వకాలత్ (లాయరుకు మన తరఫున వాదించే అధికారమిచ్చే పత్రం), టెండరు నోటీసు, కారిజెండం (నోటీసుకు చేసిన సవరణ) ఉంటే అదీ, మీ బిడ్ పత్రాలు, ఆ అర్జీ. సంస్థ పేరున వేస్తే సంతకం చేసేవారికి అధికారమిచ్చిన పత్రం. ఎల్1గా (అందరికన్నా తక్కువ ధర వేసినవారిగా) తేలినవారిని తప్పకుండా ప్రతివాదిగా చేర్చాలి. వాళ్లు లేకుండా వాళ్ల పని రద్దు చేయమంటే కేసు అక్కడే కుంటుపడుతుంది.

స్టే మీద మాత్రం మరీ ఆశ పెట్టుకోకండి. రోడ్లు, మంచినీళ్లు, మురుగునీటి పథకాల్లాంటి మౌలిక వసతుల పనులకు ఆటంకం కలిగేలా సివిల్ దావాల్లో ఇంజంక్షన్ (పని ఆపే ఉత్తర్వు) ఇవ్వకూడదని స్పెసిఫిక్ రిలీఫ్ చట్టానికి 2018లో సవరణ వచ్చింది. రిట్లలోనూ దీన్ని మనసులో ఉంచుకోవాలని 2022లో ఎన్.జి. ప్రాజెక్ట్స్ కేసులో సుప్రీంకోర్టు అంది. మన కాల్వ కాంట్రాక్టరుకు స్టే తెస్తానన్నాయన ఈ ముక్క చెప్పలేదు మరి.

కేసు వేస్తే ఇక టెండర్లు వేయనివ్వకుండా బ్లాక్‌లిస్టులో పెడతారని చాలామంది జంకుతారు. మన వాదన వినకుండా అలా పెట్టడం కుదరదని 1974లోనే సుప్రీంకోర్టు తేల్చింది.

ఖాళీ వకాలత్ మీద, రాయని అఫిడవిట్ మీద ఎవరడిగినా సంతకం పెట్టకండి. 'వేసేశాం' అంటే కేసు నంబరు అడిగి, హైకోర్టు వెబ్‌సైట్లో మీరే కొట్టి చూసుకోండి. ఆ కాంట్రాక్టరు తనకిచ్చిన నంబరు మా ముందే కొట్టారు. వచ్చింది ఎవరిదో భూమి తగాదా.